కోటా నిలవాలంటే సాక్ష్యం నిజమై ఉండాలి

ఉపాధ్యాయ ఉద్యోగాల ప్రకటన వెలువడిన ప్రతిసారీ మన మొహల్లాల్లో రెండు మాటలు వినిపిస్తాయి. 'మనకు నాలుగు శాతం ఉందిగా' అన్నది మొదటిది. 'అది ఎప్పుడు ఊడుతుందో ఎవరికి తెలుసు' అన్నది రెండోది. మొదటిది ఏమరుపాటు, రెండోది నిరాశ. విశ్వాసికి రెండూ తగవు. న్యాయస్థానాల్లో జరిగినదేమిటో తెలుసుకుంటే మన బాధ్యత ఏమిటో మనకే బోధపడుతుంది.

2004 జూలైలో ముస్లింలకు విద్య, ఉద్యోగాల్లో 5 శాతం రిజర్వేషన్ కల్పిస్తూ అప్పటి ఉమ్మడి రాష్ట్ర ప్రభుత్వం జీవో ఇచ్చింది. రెండు నెలలకే హైకోర్టు దాన్ని కొట్టివేసింది. బి.సి. కమిషన్‌ను సంప్రదించలేదన్నది అందులో ముఖ్యమైన ఆక్షేపణ. 2005లో కమిషన్ నివేదికతో చట్టమే చేశారు. వెనుకబాటును సరైన పద్ధతిలో నిర్ధారించకుండా యావత్ సమాజాన్నీ ఒకే గాటన కట్టారని అదీ రద్దయింది. పైగా అప్పటికున్న 46 శాతానికి 5 కలిపితే 51 అవుతుంది. 1992లో ఇంద్రా సహానీ కేసులో సుప్రీంకోర్టు గీసిన 50 శాతం గీత దాటుతుంది.

2007లో పి.ఎస్. కృష్ణన్ నివేదిక ఆధారంగా మరో చట్టం వచ్చింది. ఈసారి మతాన్ని కాక వృత్తిని, సామాజిక స్థితిని చూశారు. ధోబీ, హజామ్, ఫకీరు, అత్తరు సాయిబు, కసాబ్, షేక్ వంటి 14 వర్గాలకు బి.సి.-ఇ పేరుతో 4 శాతం ఇచ్చారు. 2010 ఫిబ్రవరి 8న ఏడుగురు న్యాయమూర్తుల ధర్మాసనం మెజారిటీ తీర్పుతో దాన్నీ కొట్టివేసింది. అదే ఏడాది మార్చి 25న సుప్రీంకోర్టు మధ్యంతర ఉత్తర్వు ఇచ్చి, ఆ వర్గాలకు రిజర్వేషన్ కొనసాగనిచ్చింది. 2025 మెగా డి.ఎస్సీ.లోనూ మన పిల్లలు ఈ కోటాలో పోటీ పడింది ఆ ఉత్తర్వు నీడలోనే.

ఇలాంటి పరీక్ష మనకొక్కరికే ఎదురైందనుకోవద్దు. మన గోదావరికే ఎగువన ఉన్న రంపచోడవరం మన్యంతో సహా షెడ్యూల్డు ప్రాంతాల ఉపాధ్యాయ పోస్టులన్నీ స్థానిక గిరిజనులకే కేటాయిస్తూ 2000 జనవరిలో జీవో 3 వచ్చింది. బడికి రాని పంతుళ్ల వల్ల చదువు కుంటుపడిన గూడేలకు అది ఆసరా అయింది. నూటికి నూరు శాతం చెల్లదని 2020 ఏప్రిల్ 22న సుప్రీంకోర్టు రాజ్యాంగ ధర్మాసనం తీర్పు చెప్పింది. అప్పటికే నియమితులైనవారిని మాత్రం షరతులతో కొనసాగనిచ్చింది. గిరిజన సోదరుల బాధ చూసి 'మనకేం' అనుకోవడం ఇన్సాఫ్ కాదు. కోర్టు అందరినీ అడిగేది ఒక్కటే: ఎవరు వెనుకబడ్డారు, ఎంత వాటా న్యాయం, రుజువేది?

ఆ రుజువు వకీళ్ల దస్త్రాల్లోనే లేదు, మన ఇళ్లలోనూ ఉంది. సయ్యద్, పఠాన్, మొఘల్ వర్గాలు బి.సి.-ఇలో లేవు. అయినా ఉద్యోగం కోసం 'షేక్' అని సర్టిఫికెట్ రాయించుకుంటే ఏమవుతుంది? ఒక చాకలి సాయిబు బిడ్డ నోటికాడి కూడు పోతుంది. ఈ కోటా అర్హులకు చేరడం లేదనేవారికి మనమే ఆయుధం అందించినట్లవుతుంది. 1993 చట్టం ప్రకారం అది నేరం. దానికి మించి అబద్ధపు సాక్ష్యం. మనకు, మన తల్లిదండ్రులకు నష్టం కలిగినా సరే న్యాయం పక్షాన నిజమే చెప్పాలని దివ్య ఖుర్ఆన్ ఆదేశిస్తోంది. ఏ రిజర్వేషన్‌లోనూ లేని పేద సయ్యద్, పఠాన్ కుటుంబాలకు ఆదాయ పరిమితిని బట్టి ఇ.డబ్ల్యు.ఎస్. 10 శాతం తలుపు ఉంది. 2022 నవంబరులో సుప్రీంకోర్టు దాన్ని సమర్థించింది కూడా. దూదేకుల సోదరులు బి.సి.-బిలో ఉన్నారు. ఎవరి ద్వారం వారికుండగా పక్కవాడి గుమ్మం ఆక్రమించడమెందుకు?

మరో లెక్క కూడా గుర్తుంచుకోవాలి. నాలుగు శాతమంటే వందకు నాలుగు. ఉమ్మడి తూర్పు గోదావరి యూనిట్‌లో ఒక సబ్జెక్టుకు పది పదిహేను పోస్టులే ఉంటే రోస్టరులో బి.సి.-ఇ వంతు రావచ్చు, రాకపోనూవచ్చు. టెట్‌లో బి.సి.లకు 50 శాతం మార్కులు రావాల్సిందే. మంచి మార్కులతో ఓపెన్ కేటగిరీలో ఎంపికైన బిడ్డ కోటా లెక్కలోకి రాడు. ఆ స్థానం మరో పేద బిడ్డకు మిగులుతుంది. కష్టపడి చదవడం కూడా ఒక సదఖాయే!

అమలాపురం, రాజోలు, కొత్తపేట ప్రాంతాల మసీదు కమిటీలకు నా విజ్ఞప్తి ఒక్కటే. జుమా నమాజు తర్వాత అరగంట కేటాయించండి. చదువుకున్న యువకులను కూర్చోబెట్టి, ఏ కుటుంబం ఏ వర్గమో పాత బడి రికార్డులు చూసి సరైన సర్టిఫికెట్లకు దరఖాస్తులు రాయించండి. ముఖ్యంగా ఆడపిల్లల పేర్లు మరవకండి. తుది తీర్పు న్యాయమూర్తుల చేతిలో ఉంటుంది, నిజాయితీ మన చేతిలో ఉంది. అల్లాహ్ మనందరికీ న్యాయం పలికే నాలుకను, నిలిచే ధైర్యాన్ని ప్రసాదించుగాక! ఆమీన్.