కేకు మీద పేరు సరే, కేకులో ఏముందో రాయండి

పిల్లవాడి పేరు ఏ రంగు క్రీముతో రాయాలో మలేషియా సూపర్‌మార్కెట్ బేకరీ మనల్ని అడుగుతుంది. ఎన్ని కిలోలు, గుండ్రమా పలకలా, చాక్లెటా వనిలానా, ఫొటో వేయాలా వద్దా, ఎన్నింటికి వచ్చి తీసుకెళ్తారు, అన్నిటికీ ఆర్డరు ఫారంలో గడులుంటాయి. ఆ కేకును నిలబెట్టిన జెలటిన్ ఏ జంతువు తోలు నుంచి, ఏ జంతువు ఎముక నుంచి వచ్చిందో రాసే గడి మాత్రం నేను నింపిన ఏ ఫారంలోనూ లేదు. ఆ గడి ఉండి తీరాలి. అది బతిమాలి అడిగే సాయం కాదు. డబ్బిచ్చి కొనేవాడి హక్కు.

జెలటిన్ ఎక్కడెక్కడ ఉంటుందో చాలామందికి తెలియదు. మామూలు బటర్ కేకుకు, స్పాంజి కేకుకు దాని పని లేదు. మూస్ కేకు కోసినా పొరలు జారిపోకుండా నిలవాలంటే జెలటిన్. పైన అద్దంలా మెరిసే గ్లేజుకు జెలటిన్. ఓవెన్‌లో పెట్టకుండా ఫ్రిజ్‌లో గట్టిపరిచే చీజ్‌కేకుకు జెలటిన్. కార్టూన్ బొమ్మలు చేసే ఫాండెంట్‌లో, పిల్లలు ఎగబడి ఏరుకునే మార్ష్‌మల్లోల్లో, గమ్మీ బేర్లలో కూడా చాలా మటుకు అదే. పశువుల తోళ్లు, ఎముకలు, పంది తోలు శుద్ధి చేసి, వేడినీళ్లలో మరిగించి తీస్తారు దాన్ని. చేపల నుంచి తీసేదీ ఉంది. హలాల్ ధ్రువపత్రం ఉన్న బేకరీలోకి పంది రాదు. పశువుల జెలటిన్ రావచ్చు, వస్తుంది కూడా. తరతరాలుగా గొడ్డుమాంసం గుమ్మం తొక్కని ఇంట్లో, దేవుడికి దీపం పెట్టి, పిల్లవాడికి హారతి ఇచ్చి, వాడి నోట్లో పెట్టే మొదటి ముక్కలో ఉన్నది అదే కావచ్చు. కాదని ఎవరు చెబుతారు? ఎక్కడ రాసి ఉంది?

హలాల్ మీద నాకు ఫిర్యాదు లేదు. 1974 నుంచి మలేషియా ప్రభుత్వం ఈ ధ్రువీకరణను ఒక పద్ధతిగా పెంచుకుంటూ వచ్చింది. ఇవాళ ఆ ధ్రువపత్రం ఇచ్చే ప్రభుత్వ ఇస్లామిక్ శాఖ జాకిమ్ ముద్రను ప్రపంచమంతా గౌరవిస్తుంది. తన పౌరుడు తినే ముద్దలో ఏముందో అతనికి తెలియాలని ఒక దేశం ఇంత పట్టుదలగా నిలబడటం గొప్ప విషయం. కానీ ఆ ముద్ర జవాబు చెప్పేది ముస్లిం అడిగే ప్రశ్నకు. పంది లేదు, సారా లేదు, జంతువును విధి ప్రకారం కోశారు అని చెబుతుంది. ఆవు లేదని అది ఎన్నడూ చెప్పలేదు, చెప్పదు. మన ప్రశ్న వేరు. మన ప్రశ్నకు వేరే జవాబు కావాలి.

క్లాంగ్ లోయలో ఒక సూపర్‌మార్కెట్. పేరు అనవసరం. మా చెల్లెలి మనవరాలి పుట్టినరోజుకు స్ట్రాబెరీ మూస్ కేకు చెప్పడానికి వెళ్లాను. ఇందులో జెలటిన్ ఉందా అమ్మాయీ అని అడిగితే, ‘హలాల్ ఆంటీ, భయం లేదు’ అంది. హలాల్ అని తెలుసమ్మా, జెలటిన్ ఆవుదా చేపదా అన్నాను. తెల్లమొహం వేసి లోపలికెళ్లి సూపర్‌వైజర్‌ని పిలుచుకొచ్చింది. ఆయన కాసేపు నీళ్లు నమిలి, సరుకు ఫ్యాక్టరీ నుంచి గడ్డకట్టి వస్తుంది, మాకేం తెలుస్తుంది అన్నాడు. గ్లేజు వచ్చిన డబ్బా ఒకసారి తెచ్చి చూపించండి అన్నాను. ఇష్టం లేకుండానే తెచ్చాడు. తెల్లటి ప్లాస్టిక్ బకెట్. అంచుల్లో ఎండిన ఎర్రటి జిగురు. పక్కన అంటించిన చీటీ మీద చీమతలకాయలంత అక్షరాల్లో, మలయ్ భాషలో, ‘గెలటిన్ లెంబు’. ఆవు జెలటిన్. అమ్మాయికి తెలియని సంగతి, సూపర్‌వైజర్‌కి తెలియని సంగతి వాళ్ల వంటగదిలోనే బకెట్ మీద అచ్చయి ఉంది.

నా కోపమంతా ఇక్కడే. సమాచారం లేక కాదు. ఉంది. మలేషియా 1985 నాటి ఆహార నియమాల్లో 11వ నియమం చూడండి. గొడ్డుమాంసం, పందిమాంసం, వాటి నుంచి తీసిన పదార్థాలు ఏవి ఉన్నా, ప్యాకెట్ మీద ‘ఉంది’ అని విడిగా రాయాలని ఆ నియమం చెబుతోంది. అదే సూపర్‌మార్కెట్ మిఠాయిల అరలో గమ్మీల ప్యాకెట్ తిప్పి చూస్తే ఆవు జెలటిన్ సంగతి కనిపిస్తుంది. అదే పదార్థం బకెట్లో వచ్చి, వంటగదిలో కేకు మీదికెక్కి, అట్టపెట్టెలో కూర్చుని కౌంటరు దాటేసరికి ఆ మాట మాయమవుతుంది. కొన్ని రింగిట్ల గమ్మీలు కొన్నవాడికి చెప్పాల్సిన నిజం, దానికి ఎన్నో రెట్లు పోసి కేకు చేయించుకున్నవాడికి చెప్పనక్కర్లేదా?

ఈ దేశం ఇలాంటి విషయాల్లో ఎంత కచ్చితంగా ఉండగలదో మనకు తెలుసు. పంది, కుక్క శరీర భాగాలతో చేసిన వస్తువులకు ఆ సంగతి తెలిపే చీటీ ఉండాలని 2013లో ఉత్తర్వు తెచ్చారు. 2017 ఫిబ్రవరిలో అధికారులు దుకాణాల మీద పడి, చీటీ లేకుండా అమ్ముతున్న పంది వెంట్రుకల బ్రష్షులు 2,000కు పైగా పట్టుకెళ్లారు. తినే వస్తువు కూడా కాదు, బ్రష్షు! అది తప్పని నేననను. పక్కవాడి నమ్మకాన్ని బ్రష్షు వెంట్రుక దాకా కాపాడిన దేశం, నా నమ్మకాన్ని నా పిల్ల నోట్లో పెట్టే ముక్కలో కాపాడాలి. అంతకంటే తక్కువకు ఒప్పుకోను.

ఇక సాకులు. ‘కౌంటరు దగ్గర పిల్లలకు ఏం తెలుస్తుంది’ అంటారు. తెలియక్కర్లేదు. డబ్బా మీదున్న మాట ఫారం మీదికి ఎక్కించమనండి చాలు. ‘అంత పట్టింపు ఉంటే తినడం మానేయండి’ అంటారు. మానేయాలన్నా ఏది మానాలో తెలియాలి కదా! ‘కోడి తింటారు, మేక తింటారు, జెలటిన్‌కేం వచ్చింది’ అంటారు మనవాళ్లే కొందరు. ఏది తినాలో, ఏది కూడదో నా ఇల్లు తేల్చుకుంటుంది. బేకరీ ఫ్రీజరు తేల్చకూడదు. ‘అడిగితే ముస్లింలు నొచ్చుకుంటారు’ అంటారు. ఇది అన్నిటికంటే పిరికి మాట. తినే దాని మూలం తెలుసుకోవాలన్న పట్టింపు ముస్లింకు అర్థమైనంతగా ఇంకెవరికి అర్థమవుతుంది? గ్వాన్‌యిన్ అమ్మవారిని కొలిచే చైనీయుల ఇళ్లలో ఎందరో గొడ్డుమాంసం ముట్టరు. ఈ ప్రశ్న వాళ్లది కూడా.

పోనీ వేరే దారి లేదా అంటే, అదే షాపులో ఉంది. సముద్రపు నాచు నుంచి తీసే అగర్ అగర్, మన దగ్గర చైనా గ్రాస్ అంటాం. అది ఈ గడ్డ వంటింటి సరుకు. పండగొస్తే మలయ్ ఇంట్లో, చైనీయుల ఇంట్లో, మన ఇంట్లో రంగురంగుల ముక్కలుగా పళ్లెంలోకి వస్తుంది. పళ్లతో చేసే గ్లేజుకు పెక్టిన్ ఉంది. అగర్‌తో మూస్ కొంచెం గట్టిగా వస్తుంది, నోట్లో వెన్నలా కరగదు, నిజమే. ఆ తేడా భరించాలో వద్దో కొనేవాణ్ని అడగండి.

గుడ్డు సంగతీ ఇంతే. తమిళ పంచాంగపు పెరటాసి నెలంతా నీచు ముట్టని ఇళ్లు ఈ దేశంలో బోలెడు. ఇండియాలో ప్యాకెట్ మీద పచ్చచుక్క ఉందో లేదో చూసి చదువు రాని ముసలమ్మ కూడా తేల్చుకోగలదు. ఇక్కడ ఇంజనీరు చదివినవాడు కూడా కేకు ముందు నిలబడి ఊహించుకోవాలి.

తప్పంతా బేకరీలదే అని ఊరుకోను. మన వాటా పెద్దదే. బాగన్ దాతో కొబ్బరి తోటల్లో, కెడా రబ్బరు తోటల్లో కూలికి వచ్చిన మన ముందుతరాలు ఎస్టేట్ లైన్లలో ఉంటూనే రామభజన మందిరాలు కట్టుకున్నారు. 1955లోనే ఇక్కడి తెలుగువాళ్లు ఆంధ్ర సంఘం పెట్టుకున్నారు. చేతిలో చిల్లిగవ్వ లేని రోజుల్లో వాళ్లు నిలుపుకున్నదాన్ని, కార్లలో వచ్చి కార్డు గీకే మనం ‘ఎందుకొచ్చిన గొడవ’ అని వదిలేస్తున్నాం. సర్దుకుపోవడం మంచితనం అనుకుంటున్నాం. నోరు మెదపని కొనుగోలుదారుణ్ని ఏ వ్యాపారీ లెక్కచేయడు.

అడిగితే పని జరుగుతుంది. హలాల్ ధ్రువపత్రం ఉంది కాబట్టి కేకు మీద క్రిస్మస్ శుభాకాంక్షలు రాయకూడదన్న మాట ఆ మధ్య ఈ దేశంలో లేచింది. క్రైస్తవులు ఊరుకోలేదు, జనం ఊరుకోలేదు. అలాంటి అడ్డేమీ లేదని జాకిమ్ స్వయంగా చెప్పాల్సి వచ్చింది. కేకు మీది రెండు మాటలకు అంత జరిగితే, కేకు లోపలి పదార్థానికి మనం ఎంత చేయాలి?

చేయాల్సింది ఇది. ప్రతి సూపర్‌మార్కెట్ బేకరీ ఆర్డరు ఫారంలో రెండు వరుసలు చేర్చాలి: జెలటిన్ ఆవుదా, చేపదా, అసలు లేదా, గుడ్డు ఉందా, లేదా. ప్యాకెట్‌కున్న నియమాన్ని కౌంటరులో చేయించుకునే కేకుకూ ఆరోగ్య మంత్రిత్వ శాఖ వర్తింపజేయాలి. తెలుగు సంఘం, హిందూ సంగం, పినాంగ్ వినియోగదారుల సంఘం కలిసి ఈ కోరికను మంత్రి బల్ల మీద పెట్టాలి. అప్పటిదాకా మనం నోటి మాట నమ్మొద్దు. డబ్బా చూపించమనండి. ‘ఆవు జెలటిన్ లేదు’ అని రసీదు మీద రాయించి సంతకం పెట్టించండి. రాసిచ్చి మోసం చేస్తే, వినియోగదారుల ట్రిబ్యునల్‌లో 5 రింగిట్లు కట్టి దావా వేయొచ్చు, లాయరు అక్కర్లేదు. రాసివ్వం అంటే అడ్వాన్సు కట్టకండి, ఎందుకు కట్టడం లేదో మేనేజరుకు వినపడేలా చెప్పి రండి. ఒకరు చెబితే చాదస్తం అంటారు. వారానికి పదిమంది చెబితే ఫారం మారుతుంది.