ఆడించేవాడు కావాలి

వార్షికోత్సవం వచ్చిందంటే మన హాస్టల్లో కబడ్డీ, వాలీబాల్, పరుగు పందెం ఉండాల్సిందే. గెలిచినవాళ్ళకి బహుమతులిస్తాం, చప్పట్లు కొడతాం. మర్నాడు బంతి మళ్ళీ బీరువాలోకి పోతుంది. పదో తరగతి వాళ్ళకైతే సాయంత్రం ఆట కాస్తా స్టడీ అవర్ అయిపోతుంది. ఇది సరైన పద్ధతి కాదని నా అభిప్రాయం.

ఆటకీ చదువుకీ పడదనేవాళ్ళు సయ్యద్ అబ్దుల్ రహీం గారి గురించి తెలుసుకోవాలి. 1909లో పుట్టిన ఈ హైదరాబాదీ డిగ్రీ చదివి, బడిపంతులుగా పనిచేశారు. ఫుట్‌బాల్ ఆడారు, తర్వాత ఆడించారు. ఆయన శిక్షణలో హైదరాబాద్ సిటీ పోలీస్ జట్టు 1950 నుంచి 1954 వరకు వరసగా ఐదుసార్లు రోవర్స్ కప్పు గెలిచింది. భారత జట్టు 1951 ఢిల్లీ ఆసియా క్రీడల్లో స్వర్ణం గెలిచింది. 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానంలో నిలిచింది. 1962లో జకార్తా ఫైనల్లో దక్షిణ కొరియాను 2-1తో ఓడించి మళ్ళీ స్వర్ణం తెచ్చింది. అప్పటికే ఆయనకు క్యాన్సర్. 1963 జూన్‌లో కన్నుమూశారు. ఆ తర్వాత ఆసియా క్రీడల ఫుట్‌బాల్‌లో మన దేశానికి స్వర్ణం రాలేదు. ఒక్క మంచి గురువు లేని లోటు ఎంతటిదో చూడండి!

రానికాలితోనే ఆడాలని ఆయన పోటీలు పెట్టేవారు. రాని లెక్కనే మళ్ళీ మళ్ళీ చేయించే మాస్టారి పద్ధతి అది. సికింద్రాబాద్‌లో పేదింటి కుర్రాడు తులసీదాస్ బలరాం ప్రాక్టీసుకి రావటానికి డబ్బుల్లేవంటే సైకిలు అద్దె ఆయనే ఇచ్చారు. ఆ బలరాం గారే 1956 ఒలింపిక్స్‌లో ఆడారు, 1962లో స్వర్ణం గెలిచిన జట్టులో ఉన్నారు.

మన నూజివీడు వాళ్ళకి వేరే చెప్పాలా? టెంక పడిన చోటల్లా మొక్క మొలుస్తుంది. కానీ మంచి రసం కాయలు కావాలంటే తెలిసిన చెయ్యి అంటు కట్టాలి. మన హాస్టల్లో మొక్కలకు కొదవ లేదు, అంటు కట్టే చేతులే లేవు.

"ఆటలు కూడు పెడతాయా?" అని మా ఇంట్లోనూ అడిగారు. మా ఇంట్లో మొదటి డిగ్రీ నాదే కనుక ఆ భయం నాకు తెలుసు. అందరికీ ఆటతో ఉద్యోగం వస్తుందని నేను చెప్పను. ఓడినా మర్నాడు మళ్ళీ మైదానంలోకి దిగటం ఆట నేర్పుతుంది. ఇంటర్వ్యూకి వెళ్ళే మనలాంటి పిల్లలకి ఆ గుండె ధైర్యం ఎంతో అవసరం.

అందుకే నావి రెండే కోరికలు. పరీక్షల నెలలోనైనా సాయంత్రం ఒక గంట ఆటకి వదలాలి. ఇక్కడ చదివి వెళ్ళిన అన్నలు నెలకో ఆదివారం వచ్చి, తమకు వచ్చిన ఆటను తమ్ముళ్ళకి నేర్పాలి. చందాలు తర్వాత వసూలు చేసుకుందాం. వచ్చే ఆదివారం కబడ్డీ నేర్పటానికి నేను వస్తాను. నాతో ఇంకెవరు వస్తారు?