మచ్చల మామ్మ కూరలో మన తేజ

ఎర్రటి నూనెలో తెల్లటి ముక్కలు తొణుకుతుండే చైనా కూర రీల్స్‌లో చూసే ఉంటారు. పేరు మాపో టోఫు. ‘మాపో’ అంటే ముఖాన స్ఫోటకం మచ్చలున్న ముసలమ్మ. సిచువాన్ రాష్ట్రంలోని చెంగ్దూ నగరంలో 1862లో చెన్ గారి భార్య తమ పూటకూళ్ళ కొట్లో దీన్ని మొదలుపెట్టిందని చెబుతారు. అక్కడి పాత పద్ధతిలో గొడ్డు మాంసం వేస్తారు. మిగతా చోట్ల ఎక్కువగా పంది కీమానే.

పోయిన ఆదివారం మా ఇంట్లో చేశా. మొదటి గొడవ అమ్మతోనే. “నా వంటింట్లోకి పంది మాంసం తెచ్చావంటే కాళ్ళిరగ్గొడతా” అంది. చివరికి పెరట్లో పాత గ్యాస్ పొయ్యి పెట్టుకోనిచ్చింది. ఒక ముకుడు కూడా ఇచ్చింది, మళ్ళీ ఇంట్లోకి తేకూడదన్న షరతు మీద.

ఈ కూరకి ప్రాణం దౌబాన్‌జియాంగ్ అనే ముద్ద. పండుమిర్చి, ఉప్పు, ఒక రకం పెద్ద చిక్కుడు గింజలు కలిపి నెలల తరబడి పులియబెడతారు. ఆన్‌లైన్‌లో సీసాలు దొరుకుతాయి. కానీ ఉప్పేసి తొక్కిన పండుమిర్చి జాడీ ఇంట్లోనే ఉండగా కొనడమెందుకు? చింతపండు కలపని ముద్ద రెండు చెంచాలు తీసుకున్నా. గింజల రుచి కోసం చెంచా సోయాసాస్.

ఇక వంట. పావుకిలో టోఫు, అదే సోయా పనీర్, అంగుళం ముక్కలు కోసి ఉప్పేసిన వేడినీళ్ళలో ఐదు నిమిషాలు ఉంచండి. పచ్చివాసన పోతుంది, ముక్క విరగదు. మూడు చెంచాల నూనెలో వంద గ్రాముల కీమా కరకరలాడేదాకా వేయించండి. మంట తగ్గించి మిర్చి ముద్ద వేయండి. నూనె ఎర్రబడాలి, ముద్ద మాడకూడదు. అల్లం, వెల్లుల్లి తరుగు, సోయాసాస్, గ్లాసుడు నీళ్ళు. మరిగాక టోఫు. గరిటెతో తిప్పొద్దు, ముకుడే ఊపండి. ఐదు నిమిషాలయ్యాక నీళ్ళలో కలిపిన కార్న్‌ఫ్లోర్ కొంచెం కొంచెంగా పోస్తే చిక్కబడుతుంది. పైన ఉల్లికాడలు.

ఆఖర్న సిచువాన్ మిరియాల పొడి. పేరుకే మిరియం, నాలుక మీద జుమ్మంటుంది. దీని దగ్గరి చుట్టం మన కనుమల్లోనూ ఉంది: రచ్చమాను. శాస్త్రవేత్తలు దానికి పెట్టిన ‘రెట్సా’ అనే పేరు మన ‘రచ్చ’ నుంచి వెళ్ళిందే. ఆ చెట్టు కింద పెద్దలు రచ్చ తీర్చేవాళ్ళట. కొంకణంలో దాని కాయలు చేపల పులుసులో వేస్తారు.

కూర దించాక నాన్న వచ్చి పక్కన కూర్చున్నాడు. “చైనావాళ్ళు తినేది ఇదేనా?” అన్నాడు. ఆ ప్రశ్న వెనక చాలా ఉంది. మన మిర్చిని ఎక్కువగా కొనే దేశం చైనా. అందులోనూ వాళ్ళకి కావలసింది తేజ రకం. అక్కడ ఆర్డర్లు తగ్గాయంటే గుంటూరు యార్డులో ధర జారుతుంది. 2023లో క్వింటా ఇరవై వేలు దాటిన తేజ రెండేళ్ళకే సగానికి పడింది. 2025 ఫిబ్రవరిలో కేంద్రం జోక్యం చేసుకుని 11,781 రూపాయల ధర ప్రకటించాల్సి వచ్చింది. ఆ ఏడు నాన్న టిక్కీలు వేసుకుని యార్డుకెళ్ళి, ధర విని, సగం కోల్డ్ స్టోరేజీలో పెట్టి వచ్చాడు. అద్దె పెరిగింది, అప్పు మీద వడ్డీ పెరిగింది, ధర మాత్రం పెరగలేదు. పొద్దున్నే ఫోన్ తీసి చూసేది ఇప్పటికీ రేట్లే.

ఆయనెప్పుడూ చైనా చూడలేదు. చెంగ్దూలో ఎవరు ఏం వండుకుంటారో తెలీదు. కానీ కల్లంలో తాలుకాయ ఏరే కూలీ డబ్బుల నుంచి నా కాలేజీ ఫీజు దాకా, ఆ వంటిళ్ళతో లంకె ఉంది.

వేడన్నంలో కలుపుకుని ఒక ముద్ద తిన్నాడు. మాంసం పక్కకి నెట్టేశాడు, టోఫు తిన్నాడు. “కారం మనదే, తెలుస్తానే ఉంది” అన్నాడు. చెయ్యి కడుక్కుంటూ మళ్ళీ అన్నాడు:

“బాగుంది. రోజూ తినమను వాళ్ళని.”