ముత్తవ్వ పేరు

పెత్రమాస నాడు అన్నదమ్ములం ముగ్గురం అయ్యగారికి బియ్యం ఇస్తున్నాం. పళ్లెంలో బియ్యం, పప్పు, చింతపండు, బెల్లం, నెయ్యి, పక్కన రెండు బీరకాయలు. భాద్రపద అమావాస్యకు ఏటా చేసేదే. అయ్యగారు పేర్లు అడిగారు. తండ్రి, తాత, ముత్తాత పేర్లు తడుముకోకుండా చెప్పాం. అమ్మ పేరు, నానమ్మ పేరు చెప్పాం. ముత్తవ్వ పేరు అడిగేసరికి ఒకరి ముఖం ఒకరం చూసుకున్నాం.

నాన్న రాసిపెట్టిన చీటీ తీశాను. నోటుబుక్కు కాగితం, మడతల దగ్గర చిరిగిపోయింది. ముత్తాత పేరు ఇంటిపేరుతో సహా ఉంది. కింద 'ఆయన భార్య' అని రాసి, పక్కన కాస్త జాగా వదిలారు. ఎవరినైనా అడిగి రాద్దామనుకున్నారేమో. రాయలేదు.

ముత్తాత పేరు మాకు నోటికి రావడానికి కారణం భూమి. 1954-55 ఖాస్రా పహాణీ నకలు కోసం నెలల తరబడి ఆఫీసు చుట్టూ తిరిగాం. సర్వే నంబరు, గుంటలు ఇప్పటికీ నిద్రలో లేపి అడిగినా చెప్తాం. పట్టాదారు పేరు, తండ్రి పేరు కావాలన్నారు, అవే వెతికాం. ఆ చెలకలో వంగి కలుపు తీసిన మనిషిని గురించి ఒక్కరమూ అడగలేదు.

చెప్పగలిగిన మనిషి మొన్నమొన్నటి దాకా ఉంది, మా మేనత్త. "కరువు ఏడు మా నానమ్మ తునికిపండ్లు ఏరుకొచ్చి పిల్లల్ని సాకింది" అని మొదలుపెట్టేది. బస్సు టైమవుతోందని మేం లేచేవాళ్లం. "ఆమె పేరేంది అత్తా?" అనడానికి ఎంతసేపు పడుతుంది? 2021లో కరోనా రెండో విడతలో అత్త పోయింది. మా ఫోన్లలో ఆమె ఫొటోలు బోలెడు. గొంతు ఒక్కదాంట్లోనూ లేదు.

తర్వాత మా వాడకట్టులో అడిగి చూశాను. చాలా ఇళ్లలో ఇదే సంగతి. కోడళ్లను పుట్టింటి ఊరితో 'ఫలానా ఊరామె' అని పిలుస్తూ పిలుస్తూ అసలు పేరు పోగొట్టుకున్నాం. వాళ్ల కడుపున పుట్టినవాళ్లమే పోగొట్టాం.

ఆ రోజు అయ్యగారు కాసేపు చూసి, నీళ్లు వదలమన్నారు. వదిలాం. గారెలు తిన్నాం.

ముత్తవ్వ పుట్టిన ఊరు మాకు తెలుసు, నలభై కిలోమీటర్లు. ఆమె పుట్టింట్లో తొంభై దాటిన ముసలమ్మ ఒకామె ఉందని, మాటలు బాగానే చెప్తుందని విన్నాం. అప్పటినుంచి రెండు పెత్రమాసలు గడిచాయి. ముగ్గురిలో ఒక్కరమూ పోలేదు.