నాయిన నోటుబుక్కుల ఎర్ర గీతలు

సెలవులకు ఇంటికి పోయి నిన్ననే గోదావరిఖని హాస్టల్‌కు వచ్చిన. ఒక తప్పు ఒప్పుకోవాలి, ఒక మాట అడగాలి. జెర పొడుగు పోస్టు, ఓపికతో చదవండి.

మేం నాయకపోళ్లం. మా నాయిన ఐదో తరగతి దాక చదివిండు. ఓసీపీల కాంట్రాక్ట్ పని. డ్యూటీ దిగి వచ్చినంక నోటుబుక్కుల పాటలు రాసేటోడు. లక్ష్మీదేవర పాటలు, నాట్ల పాటలు, తను సొంతంగ కట్టినవి. నేను తొమ్మిదో తరగతిల ఉన్నప్పుడు ఎర్ర పెన్నుతోటి అందులో 'తప్పులు' దిద్దిన. 'అచ్చిండు' కొట్టేసి 'వచ్చాడు' అని రాసిన. నాయిన ఏమనలే. కానీ మళ్ల అందులో ఒక్క పాట రాయలే.

మా పాత గూడెం ఓసీపీ కింద పోయింది. అక్కడి చెలిమె పేరు, వాగు పేరు, చేన్ల పేర్లు ఇప్పుడు ఆ నోటుబుక్కులనే ఉన్నయి. ఈసారి చదువుతుంటే నాకు ఈ సంగతి సమజైంది.

సుద్దాల హనుమంతు గారు తెలంగాణ సాయుధ పోరాటంలో గొల్లసుద్దులు, బుర్రకథలతో జనాన్ని కదిలించిన కవి. 1982లో పోయిండు. ఆయన కొడుకు అశోక్‌తేజ గారికి ఠాగూర్ సినిమా పాటకు జాతీయ అవార్డు వచ్చింది. అయినా తండ్రి పేరును తన పేరు వెనక దాచలే. హనుమంతు–జానకమ్మ పేరు మీద పురస్కారం పెట్టి కళాకారులకు ఇస్తున్నడు. అందులో అమ్మ పేరు కూడా ఉండుడు నాకు బాగ నచ్చింది.

"ఆయన సినిమా కవి, మనతోటి ఏమైతది?" అంటరు. మరి ఆదిలాబాద్ జిల్లా నార్నూర్ మండలం గుంజాల గోండులను చూడండి. పెద్దలు రాసిన గోండి రాతప్రతులను తరతరాలుగ ఇండ్లల్లనే కాపాడుకున్నరు. అందుకే ఆ లిపి లోకానికి తెలిసింది. 2018లో యూనికోడ్‌ల చేరింది, అంటే ఇప్పుడు కంప్యూటర్ల కూడా ఆ అక్షరాలకు చోటు ఉంది. వాళ్ల దగ్గర ఫౌండేషన్ లేదు, పైసలు లేవు. పారేయకుండ దాచుకున్నరు, అంతే.

ఆగస్టు 9న మనం డాన్సు చేస్తం, స్టేటస్ పెడతం. మంచిదే. కానీ ఇంట్ల ఉన్న నోటుబుక్కు చిత్తుకాగితాలల్ల పోతే సంస్కృతి అనే మాటకు అర్థం ఏముంది? గూడెం ఖాళీ చేసేటప్పుడు, క్వార్టర్ విడిచేటప్పుడు ఫస్టు పోయేటియి కాగితాలే. సర్కారు వచ్చి దాస్తదని కూసుంటే మన పెద్దలు ఆగరు.

అందుకే అడుగుతున్న. వచ్చే సెలవుల్ల ఒక్కొక్కరు పది పాటలన్నా రాయండి. రాసిన పాటలను ఫోన్ల ఫొటో తీయండి. రాయరాని అవ్వ ఉంటే గొంతు రికార్డు చేయండి. ఎవరు పాడిండ్రు, ఏ ఊరు, ఏ పనికి పాడుతరు, తారీఖు, అన్నీ రాయండి. ఒక కాపీ ఇంట్ల, ఒకటి వేరే చోట పెట్టండి. పెద్దలు వద్దంటే ఆ పాట బయట పెట్టకండి. అన్నిటికన్న ముఖ్యం, వాళ్ల మాటను దిద్దకండి.

ఎర్ర ఇంకు పోదు. నేను కొత్త నోటుబుక్కు కొని నాయిన రాసింది రాసినట్టే ఎక్కిస్తున్న. 'అచ్చిండు' మళ్ల అచ్చింది. మొన్న రాత్రి పక్కన కూసోని చూసి, "అండ్ల ఒక చరణం తక్కువుంది, రాసుకో" అన్నడు.