పంట భూమిని బ్యాంకు వేలం వేయగలదా?

బ్యాంకు నోటీసు పట్టుకుని సంఘం ఆఫీసుకు వచ్చే రైతుల్లో చాలామంది ఆలస్యంగా వస్తున్నారు. మేనేజరు కాళ్లావేళ్లా పడటం, సోమవారం కలెక్టరేట్ గ్రీవెన్స్‌లో అర్జీ ఇవ్వడం, తెలిసిన నాయకుడి ఇంటి చుట్టూ తిరగడం... వీటితోనే నెలలు గడిచిపోతున్నాయి. అర్జీ ఇవ్వొద్దని మేము అనం. కానీ అర్జీ ఇచ్చినంత మాత్రాన చట్టం పెట్టిన గడువు ఆగదు.

2002 నాటి సర్ఫేసీ చట్టం కింద బ్యాంకు కోర్టు గడప తొక్కకుండానే తాకట్టు ఆస్తిని అమ్ముకోవచ్చు. ముందు 60 రోజుల డిమాండ్ నోటీసు ఇవ్వాలి. మనం రాతపూర్వకంగా అభ్యంతరం చెబితే, దాన్ని ఒప్పుకోని పక్షంలో 15 రోజుల్లో కారణాలు తెలపాలి. అభ్యంతరం స్పీడ్ పోస్టులో పంపి రసీదు దాచుకోండి.

ఇదే చట్టం 31వ సెక్షన్ వ్యవసాయ భూమిని ఈ వేలం నుంచి మినహాయించింది. ఉద్దానం జీడితోటైనా, నాగావళి కింద వరి మడైనా ఒకటే. అలాగని పాస్‌బుక్ చూపిస్తే చాలదు. రౌస్ కన్‌స్ట్రక్షన్స్ కేసులో 2023 జనవరిలో సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది: రికార్డులో వ్యవసాయ భూమి అని ఉంటే సరిపోదు, నిజంగా సాగవుతోందని రుజువు చేయాల్సింది అప్పు తీసుకున్నవారే. అందుకే అప్పు తీసుకున్న ఏటి నుంచి అడంగల్ నకళ్లు, ఈ-క్రాప్ నమోదు, శిస్తు రసీదులు, ధాన్యం అమ్మిన కాగితాలు అన్నీ భద్రపరచాలి. కౌలుదారు పేరున నమోదైన పంట కూడా ఆ భూమి సాగులో ఉందనడానికి సాక్ష్యమే. కౌలుదారు పేరు పడితే హక్కు పోతుందని నమోదును అడ్డుకునే ఆసాములు తమ వేలితో తమ కన్నే పొడుచుకుంటున్నారు.

మినహాయింపు అంటే అప్పు రద్దు కాదు. బ్యాంకు దావా వేసుకోవచ్చు. కాకపోతే అసలు, వడ్డీ లెక్కలు అక్కడ తేలాలి.

ఇంటికి, మిల్లుకు, వ్యవసాయేతరంగా మార్చుకున్న స్థలానికి ఈ రక్షణ లేదు. స్వాధీనం నోటీసు వచ్చిన 45 రోజుల్లో విశాఖపట్నంలోని రుణ వసూళ్ల ట్రిబ్యునల్‌కు 17వ సెక్షన్ కింద వెళ్లాలి. సాగు భూమికి పొరపాటున నోటీసు వచ్చినా దారి అదే. సివిల్ కోర్టుకు వెళితే 34వ సెక్షన్ అడ్డొస్తుంది. హైకోర్టు కూడా ఎక్కువసార్లు ట్రిబ్యునల్‌కే పొమ్మంటుంది. బాకీలో 75 శాతం ముందే కట్టాలన్న షరతును సుప్రీంకోర్టు 2004లోనే కొట్టేసింది. స్టేకు మాత్రం కొంత కట్టమనడం మామూలే. ప్రతి వాయిదాకూ ఇచ్ఛాపురం రైతు విశాఖ రావాలంటే ఒక రోజు పని, దారి ఖర్చు పోయినట్టే. ట్రిబ్యునల్ శ్రీకాకుళంలో క్యాంపు సిట్టింగులు పెట్టాలని మేము డిమాండ్ చేస్తున్నాం.

వేలం రోజు దాకా డబ్బు సర్దుకోవచ్చన్న పాత నమ్మకం మానుకోండి. 2016 సవరణ తర్వాత, మొత్తం బాకీ కట్టి ఆస్తి విడిపించుకునే హక్కు వేలం ప్రకటన వెలువడేలోపే.

మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు ఆదాయంతో పనిలేకుండా జిల్లా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా లాయరును ఇస్తుంది. శ్రీకాకుళం, విజయనగరం కోర్టుల్లో అడగండి. వెళ్లేటప్పుడు నోటీసుతో పాటు అది వచ్చిన కవరు కూడా తీసుకెళ్లండి. ఎప్పుడు అందిందన్న తగాదా వస్తే దాని మీది తపాలా ముద్ర పనికొస్తుంది.