జెండా ఎగరేసినవారు, భరణం అందుకున్నవారు

విజయవాడ నుంచి హైదరాబాద్ వెళ్లే బస్సు ఇబ్రహీంపట్నం దాటి పరిటాల చేరేసరికి అందరి చూపూ 135 అడుగుల ఆంజనేయస్వామి మీదికే పోతుంది. 1947 ఆగస్టు 15న ఆ ఊరు స్వతంత్ర భారతంలో లేదన్న సంగతి ఆ బస్సులో ఎందరికి తెలుసో అనుమానమే.

ఉత్తర సర్కారులు కుంఫిణీ పరమైనా, వజ్రాల గనులున్న పరిటాలనూ చుట్టుపట్ల ఊళ్లనూ నిజాం వదులుకోలేదు. గనులు వట్టిపోయాయి, ఏలుబడి మిగిలింది. నాలుగు వైపులా మద్రాసు ప్రెసిడెన్సీ, నడుమ ఏడూళ్ల హైదరాబాద్ సంస్థానం. 1947లో ఆ ఏడూళ్ల జనం సైన్యం కోసం ఎదురుచూడకుండా జెండా ఎగరేసి, నిజాంతో తమకు ఇక సంబంధం లేదని చాటారు. సర్కారీ కాగితాల మీద కృష్ణా జిల్లాలో కలవడం తరవాతి మాట.

అదే రోడ్డున జగ్గయ్యపేట, కోదాడ దాటితే మునగాల. అక్కడ కథ తిరగబడి ఉంటుంది. చుట్టూ నిజాం రాజ్యం, మధ్యలో కృష్ణా జిల్లా నందిగామ తాలూకాకు చెందిన పరగణా. దాని జమీందారు నాయని వెంకట రంగారావు ఆషామాషీ మనిషి కాదు. దివాను కొమర్రాజు లక్ష్మణరావుతో కలిసి 1901లో హైదరాబాద్‌లో శ్రీకృష్ణదేవరాయ ఆంధ్ర భాషా నిలయానికీ, 1906లో విజ్ఞాన చంద్రికా మండలికీ అండగా నిలిచాడు. తెలుగు చదువరి ఆయనకు రుణపడి ఉన్నాడు. 1930లలో వెట్టికీ భూముల కబ్జాకూ వ్యతిరేకంగా నండూరి ప్రసాదరావు వంటి నాయకుల వెనక నడిచిన మునగాల రైతు మాత్రం ఆ రుణం ఎందుకు ఒప్పుకోవాలి? గ్రంథాలయ చరిత్రలు రాసేవారు ఈ రెండో పేజీ తిప్పరు.

1948 సెప్టెంబరులో బెజవాడ వైపు నుంచి భారత సైన్యం ఇదే దారిన హైదరాబాద్ మీదికి కదిలింది. అయిదు రోజుల్లో అంతా అయిపోయింది. ఓడినవాడు నిజాం అని పాఠ్యపుస్తకం చెబుతుంది. ఆయన 1950 జనవరి 26న గవర్నరుతో సమానమైన రాజప్రముఖ్ అయ్యాడు, ఏటా 50 లక్షల రూపాయల రాజభరణం అందుకున్నాడు. జమీలు పోయిన జమీందార్లకు నష్టపరిహారం, జాగీర్లు పోయినవారికి ప్రతిఫలం దక్కాయి. బేరం కుదుర్చుకునే స్థాయి ఉన్నవాడెవడూ నిలువునా మునగలేదు.

మునిగినవారు వేరు. ఉస్మానాబాద్, గుల్బర్గా, బీదర్, నాందేడ్ జిల్లాల్లో, నిజాం కొమ్ముకాసిన రజాకార్ల పాపం సామాన్య ముస్లింల తలకు చుట్టుకుంది. చనిపోయినవారు 27 వేల నుంచి 40 వేల మంది ఉంటారని విచారణకు కేంద్రం పంపిన సుందర్‌లాల్ బృందం అంచనా వేసింది. ఆ నివేదికను దశాబ్దాల పాటు బయటికి రానివ్వలేదు. తెలంగాణలో ఇంత ఘోరం జరగలేదన్నది నిజమే, అది ఊరటేమీ కాదు. ఇటు మద్రాసు వైపు, సరిహద్దు దాటి వచ్చిన తెలంగాణ పోరాటవీరులకు అన్నం పెట్టిన కృష్ణా జిల్లా పల్లెల మీద మలబార్ పోలీసులు పడ్డారు. నిజాంను దించాలన్నవారే నిజాం దిగిపోయాక జైళ్లకు వెళ్లారు. 1951లో కమ్యూనిస్టులు సాయుధ పోరాటం విరమించేనాటికి, రైతులకు పంచిన భూముల్లో చాలా వరకు పాత దొరల చేతికే తిరిగి వెళ్లాయి.

1959లో మునగాలను నల్లగొండ జిల్లాకు మార్చారు. దాంతో 2014లో రాష్ట్రం విడిపోయినప్పుడు బ్రిటిషు వారి మునగాల తెలంగాణకు, నిజాం పరిటాల ఆంధ్రప్రదేశ్‌కు చెందాయి. ఆపైన కృష్ణకు అవతలి గట్టున అమరావతి వచ్చింది. రాజధాని మాట వినిపించగానే పరిటాల, కంచికచర్ల పొలాల రేట్ల గురించి జనం మాట్లాడుకోవడం మొదలైంది. ఆ మాటల్లో లాభం పట్టాదారుది. ఆ పొలంలో పత్తి, మిర్చి వేసే కౌలురైతు మాత్రం పొలం చేతులు మారినప్పుడల్లా కొత్త ఆసామిని వెతుక్కోవాలి.